నైడూల డైరెక్టరీ

నాకు నిదానం పడదు. అన్నం ఉడుకుతుంటే నాలుగుసార్లు మూత తీసి చూస్తాను. ఎదుటివాళ్ళు నెమ్మదిగా మాట్లాడితే వాళ్ళ మాట నేనే పూర్తి చేసి, దానికి జవాబు కూడా నేనే చెప్పేస్తాను. "నిప్పులమీద నిలబడ్డట్టు ఉంటావేమిటే హరిప్రియా" అంటాడు నా భర్త తరుణ్. డర్బన్‌లో, ఈ రెడ్‌హిల్‌ పేటలో రెండేళ్ళు ఇంటిపట్టున కూర్చున్నాక ఆ గుణం తగ్గకపోగా ముదిరింది.

హైదరాబాదులో నాకు ఉద్యోగం ఉండేది. ఒక కంపెనీలో యూనిక్స్ మెషిన్లన్నీ నా చేతికింద నడిచేవి. తొంభై ఆరులో తరుణ్‌కి ఉమ్‌కోమాస్ దగ్గర కాగితపు గుజ్జు మిల్లులో పని దొరికి ఇక్కడికి వచ్చాం. అతని పర్మిట్ మీద ఇంజనీరు అని ఉంది. నా పర్మిట్ మీద భార్య అని ఉంది, భార్య ఉద్యోగం చెయ్యరాదని కింద చిన్న అక్షరాల్లో ఉంది. కొత్త దేశం, కొత్త రాజ్యాంగం, అందరికీ అన్ని హక్కులూ అని రేడియో రోజూ చెప్పేది. నేను వింటూ కొత్తిమీర తుంచుకునేదాన్ని.

అందుకే, కంప్యూటరు తెలిసినవాళ్ళు కావాలని పక్క ఊరు వెరులంలో గుళ్ళో చీటీ అంటించారని తెలిసిన మర్నాడే టాక్సీ ఎక్కేశాను. జీతం లేదు కాబట్టి అది ఉద్యోగం కాదు. తరుణ్ ఒక్కటే మాటన్నాడు. "చెయ్యి. కానీ ఏ కాగితం మీదా నీ పేరు పెట్టకు. పర్మిట్ రెన్యూవల్‌లో ఉంది."

పని ఏమిటంటే, పాత ప్రభుత్వం మనుషుల రంగు చూసి ఎవరు ఎక్కడ ఉండాలో చట్టం చేసింది కదా. ఆ చట్టం కింద ఇళ్ళూ తోటలూ పోగొట్టుకున్నవాళ్ళు అర్జీ పెట్టుకోవచ్చని కొత్త ప్రభుత్వం చెప్పింది. గడువు 1998 డిసెంబరు 31. ఉమ్‌గేని నది ఒడ్డున కూరగాయలు పండించుకుంటూ ఉంటే, పాత ప్రభుత్వం లారీల్లో ఎక్కించి పంపేసిన కుటుంబాలు వెరులం చుట్టుపక్కల వందల్లో ఉన్నాయి. వాళ్ళకి సాయం చెయ్యడానికి సూబ్రాయన్ మాస్టారు ఒక సంఘం హాల్లో బల్ల వేశారు. ఆయన రిటైరైన హెడ్మాస్టరు. జనం పాత ఉత్తరాలు, ఫోటోలు, పుట్టిన సర్టిఫికెట్లు పట్టుకొచ్చేవారు. వాటిని స్కాన్ చేసి అసలు కాగితాలు వాళ్ళకి తిరిగి ఇచ్చేసి, గడువు ముందు చివరివారంలో అర్జీలకి జతచేసి ప్రింటు తియ్యాలి.

ఎవరో దానమిచ్చిన పాత పెంటియం మెషిన్ ఒకటుంది. పత్రికతో వచ్చిన సీడీలోంచి దాని మీద లినక్స్ అనే సిస్టమ్ ఎక్కించాను. ఊరికే దొరికేది, అందరూ కలిసి రాసింది, లోపల ఏముందో విప్పి చూసుకోగలిగింది. ఆ రోజు నాకు పుట్టింటికి వెళ్ళినంత సంతోషం.

ఇక్కడ ఒక సంగతి చెప్పాలి, ఇది లేకపోతే నా తప్పు అర్థం కాదు. మనం ఒక ఫైలు దాచమంటే లినక్స్ దాన్ని ముందు మెమరీలో పెట్టుకుని "రాసేశాను" అంటుంది. డిస్కు మీద నిజంగా రాయడం తీరిగ్గా తర్వాత. అందుకే అంత వేగం. బీఎస్‌డీ అని ఇంకో ఉచిత సిస్టమ్ ఉంది. అది పేర్లూ జాబితాలూ వెంటనే డిస్కు మీద రాసి, రాసినట్టు రూఢి చేసుకునే ముందుకు కదులుతుంది. అందుకే అది నెమ్మది. ఈ రెండింటిలో ఏది గొప్పో తేల్చుకోవడానికి మెయిలింగ్ లిస్టుల్లో జనం వియ్యాలవారికంటే ఘోరంగా తిట్టుకునేవారు. నేను వేగం పక్షం.

మాస్టారికి ఇదంతా వివరిస్తే ఆయన కళ్ళజోడు తీసి తుడుచుకుని, "అంటే రాయకుండానే రాశానంటుందా?" అని అడిగారు.

"కొన్ని సెకన్లే కదా మాస్టారూ."

"నా బడిలో ఏ పిల్లాడైనా అలా అంటే గోడకుర్చీ వేయించేవాణ్ణి. మన దగ్గర మాత్రం రాశానంటే రాసి ఉండాలి."

ఆయన మాట కాదనలేక, ఏ మార్పైనా అప్పటికప్పుడే డిస్కు మీద రాసే పద్ధతి పెట్టాను. వెయ్యి చిన్న ఫైళ్ళు తయారు చెయ్యడానికి నాలుగు నిమిషాలు పట్టింది. ఆ పద్ధతి తీసేస్తే ఆరు సెకన్లు. గడియారం పెట్టి చూసుకునేసరికి ఒళ్ళు మండిపోయింది.

ప్రేమీ నైడూ నాకు పరిచయమైంది అక్కడే. యాభై మూడేళ్ళ మనిషి. వచ్చినవాళ్ళని కూర్చోబెట్టి, వరస చూసి నా దగ్గరికి పంపే పని ఆమెది. తన అర్జీ పని మీద వచ్చి, మా అవస్థ చూసి ఉండిపోయింది. మాకిద్దరికీ మాటలు సగం పైన ఇంగ్లీషులోనే. మిగిలిన ఆ కాస్త తెలుగూ మా అనకాపల్లిలో మా నాయనమ్మ మాట్లాడిన తెలుగు. నేను పిన్నీ అనేదాన్ని. ఆమె నన్ను పాపా అనేది. నన్ను అలా పిలిచేవాళ్ళు ఈ దేశంలో ఇంకెవరూ లేరు.

"ఏటి పాపా, ఊపిరైనా తీసుకోవేటి?" అనేది నేను స్కానరు మూత టపటపా వేస్తుంటే.

నిజమే, తీసుకునేదాన్ని కాదు. కాగితం పెట్టడం, మీట నొక్కడం, తీసి పక్కనపెట్టడం. గంటకి ఎన్ని అయ్యాయో గోడమీద రాసుకునేదాన్ని. సెప్టెంబరులో ముప్ఫై, నవంబరుకి అరవై. ఆ అంకెలు చూసుకుంటే, భార్య అని రాసిన ఆ పర్మిట్‌కి జవాబు చెప్పినట్టుండేది.

నవంబరులో పిన్ని వాళ్ళమ్మని తీసుకొచ్చింది. ఎనభై దాటిన మనిషి, చేతిలో గుడ్డలో చుట్టిన ఫోటో. పిన్ని వాళ్ళ నాన్నకి నదొడ్డు తోట మీద నోటిమాట కౌలే తప్ప కాగితం లేదు. ఆయన పేరున్నది ఒక్కచోటే, ఆ ఫోటోలో. ఇంటి ముందు అంతా నిలబడి తీయించుకున్నది, గేటు స్తంభానికి రేకు పలక మీద పేరూ, తోట నంబరు పదిహేడూ రాసి ఉన్నాయట. ఆ ముసలావిడ దాన్ని బీరువాలో పెట్టి నలభై ఏళ్ళపైన ఎవరినీ ముట్టుకోనివ్వలేదట. నాకు ఇవ్వడానికి కూడా వేళ్ళు విప్పలేదు. నేను నవ్వుతూనే లాక్కున్నంత పని చేశాను, వెనకాల ఇరవైమంది ఉన్నారు మరి.

"ఒకసారి ఇందులోకెక్కిందంటే ఇక కాగితంతో పనిలేదు పిన్నీ. చిరగదు, తడవదు. గడువైపోయాక పెద్దదిగా చేసి ప్రింటిస్తాను, ముఖాలు ఒక్కొక్కటీ కనిపిస్తాయి" అన్నాను.

డిసెంబరు మొదటివారంలో ఆ ముసలావిడ పోయింది. ఇక్కడ మనవాళ్ళలో కూడా శవాన్ని పెట్టెలోనే పెట్టి దహనానికి తీసుకెళ్తారు. పెట్టెలో పోయినవాళ్ళకి ఇష్టమైనవి పెడతారు, చీరో, పూసలో, జపమాలో. పదమూడో రోజు కర్మ అయ్యాక పిన్ని మళ్ళీ హాలుకొచ్చి చెప్పింది. "ఫోటో అమ్మ చేతిలో పెట్టేసినాం పాపా. అమ్మ ఎప్పుడూ అదే అడిగేది. నీకాడ ఉందిగా, ఇంక బెంగేటి?"

"బెంగేమీ లేదు" అన్నాను తలెత్తకుండా.

ఇక నైడూల సంగతి. మన దగ్గర నాయుడు అనేది పేరు చివర తోక. ఇక్కడ అది ఇంటిపేరు, వీళ్ళ ముత్తాతలు కూలికొచ్చి ఓడ దిగినప్పుడు గుమాస్తా ఏం రాసుకుంటే అదే స్థిరపడింది. తెలుగు కుటుంబాల్లో సగానికి సగం నైడూలే. నేను మొదట్లో ఇంటిపేరుకో డైరెక్టరీ చొప్పున పెట్టాను. తెలివైన పని అనుకున్నాను. లినక్స్ ఫైళ్ళు దాచుకునే ఫైల్ సిస్టమ్‌లో డైరెక్టరీ అంటే బడిలో హాజరుపట్టీ లాంటిదే, ఒక పేరు కావాలంటే మొదటినుంచీ చదువుకుంటూ రావాలి. ఇరవై పేర్లయితే ఫర్వాలేదు. నైడూల ఫైళ్ళు ఆరువేలు దాటాక, ఎవరైనా నైడూ వచ్చి కూర్చుంటే మెషిన్ ఆయాసపడేది. ఏ ఊరినుంచి వచ్చినా వాళ్ళే, ఏ వరసలో చూసినా వాళ్ళే. నాకు ఆ ఇంటిపేరు వింటేనే చిరాకు పుట్టేది.

గడువుకి రెండురోజుల ముందు, ఇరవై తొమ్మిది మంగళవారం పొద్దున, మిల్లులో పక్కనపడేసిన ఒక మంచి డిస్కు తరుణ్ సంపాదించి ఇచ్చాడు. హాలు బయట రోడ్డుదాకా లైను. సాయంత్రం జనం వెళ్ళాక మార్చమన్నారు మాస్టారు. సాయంత్రందాకా ఆగడం నావల్ల ఎక్కడవుతుంది? పదకొండు గంటలకి డిస్కు తగిలించాను. ఈసారి మాస్టారిని అడగలేదు. కొత్త డిస్కుని వేగం పద్ధతిలోనే పెట్టాను. అది చాలదన్నట్టు, మెమరీలో ఉన్నది సెకన్లలో డిస్కుకి దిగాల్సింది పదినిమిషాలదాకా ఆగేలా మార్చాను. నైడూల ఫైళ్ళన్నీ మనిషి పేరులో మొదటి అక్షరాన్ని బట్టి ఒక్కో అక్షరానికి ఒక్కో డైరెక్టరీగా విడగొట్టి పాత డిస్కునుంచి కొత్తదానికి తరలించమని ఆదేశమిచ్చాను. ఫైళ్ళు పరుగులు తీశాయి. మూడు నెలల్లో మొదటిసారి ఆ మెషిన్ నా వేగంతో పనిచేసింది. ఎంత హాయిగా ఉందో చెప్పలేను.

తరలింపు ప్రేమీ, పార్వతి, పూబాలన్, అంటే ఇంగ్లీషు పీ అక్షరం దగ్గరుండగా, లైనులో వాళ్ళకి టీ కోసం, హాల్లో సాయానికొచ్చే డాలీ ఆంటీ కరెంటుతో కాగే పెద్ద టీ డ్రమ్ము తెచ్చి మా ప్లగ్ బోర్డుకే పెట్టింది. టప్పుమని మెయిన్ స్విచ్ పడిపోయింది. హాలంతా చీకటి కాలేదు గానీ, స్క్రీన్ చీకటైంది.

నేను డాలీ ఆంటీ మీద అరిచాను. అరవై ఏళ్ళ మనిషిని, అందరి ముందూ, బుద్ధుందా అన్నాను. ఆమె ప్లగ్ చేతిలో పట్టుకుని నిలబడిపోయింది. తర్వాత నేనే పరిగెత్తి స్విచ్ వేసి, మెషిన్ లేపి, అది డిస్కుల్ని తనిఖీ చేసుకుంటూ అడిగిన ప్రతి ప్రశ్నకీ చదవకుండా అవును అవును అని కొట్టేశాను. పైకి లేచింది. "ఆ, రండి రండి" అని లైను మొదలుపెట్టించాను. నలభై నిమిషాలు పాత డిస్కు మీదకే స్కానింగులు సాగాయి.

అప్పుడొచ్చాడు పూబాలన్ నైడూ, తన అర్జీ ప్రింటు కోసం. వెతికితే లేదు. కొత్త డిస్కులో లేదు, పాతదాంట్లో లేదు. పీ అక్షరం డైరెక్టరీ తెరిస్తే ఖాళీ.

ఏం జరిగిందో ఒక్క క్షణంలో తెలిసిపోయింది. మాస్టారి మాటకోసం నిదానంగా నిజాయితీగా పెట్టిన పాత డిస్కు, ఫైలు తీసెయ్యమనగానే అప్పటికప్పుడే తీసేసింది. నేను ముచ్చటపడి పెట్టిన కొత్త డిస్కు, ఇంకా రాయకుండానే రాశానంది. మధ్యలో ఉన్నవి మెమరీలోనే ఉండి, కరెంటుతోపాటు పోయాయి. తప్పు డాలీ ఆంటీది కాదు. మొత్తం అరవై మూడు ఫైళ్ళు.

ఎక్కువమందికి అసలు కాగితాలు ఇళ్ళలో ఉన్నాయి. కానీ ఒకరు జోహానెస్‌బర్గ్‌లో కొడుకు దగ్గరున్నారు, ఒకరు ఆసుపత్రిలో ఉన్నారు, కొంతమందికి ఫోనే లేదు. గడువు ఎల్లుండి. ఇక ఒక ఫోటో అయితే ఎవరింట్లోనూ లేదు. ఆ ఫోటో తాలూకు మనిషి పదడుగుల దూరంలో నిలబడి, తర్వాత ఎవరో రమ్మని పిలుస్తోంది.

స్కానింగు ఆపించాను. లైనులో గొణుగుడు మొదలైంది. మాస్టారికి చెప్పాను, దాచకుండా చెప్పాను. ఆయన కోప్పడలేదు, అది ఇంకా కష్టంగా ఉంది. "దొరికే దారుందా?" అన్నారు.

ఉంది. ఆ ఫైల్ సిస్టమ్‌లో ఫైలు తీసేసినప్పుడు పేరు పోతుంది గానీ, అది డిస్కులో ఎక్కడెక్కడ ఉండేదో ఆ వివరం వెంటనే చెరిగిపోదు. ఆ చోటులో ఇంకేదీ రాయకుండా ఉంటే పైకి లాగొచ్చు. కాకపోతే పేరుతో రాదు, ఒక నంబరుతో వస్తుంది. సీడీలో ఎవరో పుణ్యాత్ముడు రాసిపెట్టిన వివరణ ముందు పెట్టుకుని, ఒక్కో నంబరూ తవ్వడం మొదలుపెట్టాను. జీవితంలో ఎప్పుడూ అంత నెమ్మదిగా పనిచెయ్యలేదు. ఆ సాయంత్రానికి యాభై పైచిలుకు వచ్చాయి, అన్నీ అంకెలే, ఏది ఎవరిదో తెలీదు.

బుధవారం పొద్దున పిన్నిని స్క్రీన్ ముందు కూర్చోబెట్టాను. నదొడ్డు వీధులన్నీ ఆమెకి కంఠతా వచ్చు. ఒక ఫోటో తెరిచాను. రేకుల వరండా, మెట్లమీద నలుగురు.

"హైబో! ఇది పార్వతక్కోళ్ళిల్లు. చూడు, ఆ మూడో మెట్టు ఇరిగిపోయుండేది. మా తమ్ముడు పడి పన్నూడింది."

ఇంకొకటి తెరిచాను. పెళ్ళి పందిరి. "పెరుమాళ్‌ది. ఆ పందిట్లోనే వానొచ్చింది, సోజీ హల్వా అంతా నీళ్ళైపోయింది." ఇంకొకటి, పాత ఉత్తరం. చేతిరాత చూసే చెప్పింది. ఇంకొకటి, ఇంకొకటి. ఆమె పేరు చెబుతుంది, నేను నంబరు తీసి ఆ పేరు పెడతాను. బుల్డోజర్లు ముప్ఫై ఏళ్ళ కింద నేలమట్టం చేసిన ఇళ్ళని ఆమె గుమ్మాలు చూసి గుర్తుపట్టింది. మధ్యాహ్నానికి యాభై ఎనిమిది ఫైళ్ళకి పేర్లొచ్చాయి. ప్రతిదాని తర్వాతా ఆమె కొంచెం ముందుకి వంగేది. ఎందుకు వంగుతోందో నాకు తెలుసు.

యాభై తొమ్మిదోది తెరిచాను. పైన తాటాకు రంగు ఆకాశం, రేకుల కప్పు, మామిడి కొమ్మ. దానికింద అయిదు తలలు, మధ్యలో తలమీద కొంగు కప్పుకున్న పడుచు. అంతవరకే. మెడల దగ్గర్నుంచి కింద అంతా నల్లగీతలు, తెల్లగీతలు, మధ్యమధ్య ఎవరిదో టైపు చేసిన ఉత్తరంలో ముక్కలు. నేను రండి రండి అని తీయించిన ఆ నలభై నిమిషాల స్కానింగుల్లో ఒకటి దానిమీద కూర్చుంది.

"అమ్మ" అంది పిన్ని. చాలాసేపు చూసింది. "కిందికి పో పాపా."

"కింద లేదు పిన్నీ. పోయింది. నావల్ల పోయింది." మిగతాదంతా చెప్పాను, తప్పు డాలీ ఆంటీ టీ డ్రమ్ముది కాదని కూడా చెప్పాను. ఎంతవరకు అర్థమైందో తెలీదు. గేటు స్తంభం, పలక, పదిహేడు అన్నీ ఆ గీతల్లో ఉన్నాయని మాత్రం అర్థమైంది. ఆమె ఏడవలేదు. చీరకొంగుతో స్క్రీన్ మీద దుమ్ము తుడిచింది.

మిగిలిన నలుగురి కాగితాలూ మాస్టారు కారేసుకుని తిరిగి ఇళ్ళనుంచి తెచ్చారు. పిన్నిది ఒక్కటే మిగిలింది. ఆయన ఒక ఉపాయం చెప్పారు. కాగితం పోయినప్పుడు, దాన్ని చూసినవాళ్ళు అందులో ఏముందో ప్రమాణపత్రం రాసి పోలీస్ స్టేషన్‌లో సంతకం చేస్తే అర్జీకి జతచెయ్యవచ్చట. ఇంట్లోవాళ్ళు కానివాళ్ళయితే ఇంకా బలం. "దాన్ని చేతిలో పట్టుకున్న బయటిమనిషివి నువ్వొక్కదానివే" అన్నారు.

ఆ రాత్రి తరుణ్ వద్దన్నాడు. పోలీస్ స్టేషన్‌లో, నీ పాస్‌పోర్టు నంబరుతో, నేనక్కడ పనిచేశాను అని నువ్వే రాసిస్తావా అన్నాడు. గురువారం పొద్దున్నే హాలుకెళ్ళి టైపు చేశాను. గేటు స్తంభానికున్న పలకమీద ఆర్. నైడూ అనీ, పదిహేడు అనీ రాసి ఉండటం నేను కళ్ళారా చూశాను అని కొట్టాను. మాస్టారు నా భుజంమీదుగా చదివి, "చూశావా?" అన్నారు.

"చూశాను" అన్నాను. ఆ మాట ఎంత వేగంగా వచ్చిందో.

నేను చూడలేదు. ఆ ఫోటోనే కాదు, మూడు నెలల్లో నా చేతిమీదుగా వెళ్ళిన వేల కాగితాల్లో ఒక్కదాన్నీ చూడలేదు. బోర్లా పెట్టడం, మీట నొక్కడం, తియ్యడం. అయినా అబద్ధమేముంది, పలక అక్కడ ఉండేదే కదా, పిన్ని చెప్పిందే కదా అనుకున్నాను. నేను పాడుచేసింది నేనే బాగుచేస్తున్నాను అనుకున్నాను.

వెరులం పోలీస్ స్టేషన్‌లో మాకంటే ముందు పన్నెండుమంది ఉన్నారు, అందరి చేతుల్లోనూ అవే అర్జీలు. అర్జీలు తీసుకునే డర్బన్ ఆఫీసు ఆ రోజు నాలుగింటికి మూసేస్తారు. నేను నిలబడ్డచోటే బరువు ఈ కాలిమీంచి ఆ కాలిమీదకి మారుస్తున్నాను. పిన్ని నా చేతిలో కాగితం తీసుకుని, వేలు పెట్టి ఒక్కో మాటా చదివింది. ఆమె ముఖం వెలిగింది.

"నువ్వు చూసేవు పాపా?"

నేను తలూపాను.

"నాకు తెల్దు నువ్వు అంత చూసేవని." నా చెయ్యి పట్టుకుంది. "అయితే చెప్పు. కింద, అమ్మ కాళ్ళకాడ, నేను కూకున్నాను. ఆరేళ్ళు నాకు. చేతిలో ఏటో ఉంది. అక్క బొమ్మ అనేది, అమ్మ కోడిపిల్ల అనేది. అమ్మ ఎప్పుడూ దగ్గరగా చూడనియ్యదు. నువ్వు పెద్దగా చేసి చూపిస్తానంటే ఆ ఆశమీదే ఉన్నాను. ఏటది, పాపా?"

కోడిపిల్ల అనేద్దామనిపించింది. నిజం చెబుతున్నాను, నాలుక చివరిదాకా వచ్చింది. ఒక్క మాట, ఆమె జీవితాంతం సంతోషంగా దాచుకునేది. ముందు మనిషి కదిలాడు, లైను ముందుకి జరిగింది. నేను జరగలేకపోయాను.

"నేను చూడలేదు పిన్నీ."

"మరి రాసేవు?"

"రాశాను. కానీ చూడలేదు. ఏ ఫోటో చూడలేదు."

ఆమె నా చెయ్యి వదిలేసింది. తిట్టుంటే బాగుండేది. కాగితం నా చేతికిచ్చి, "అమ్మ పేరుమీద దొంగమాట వద్దు. కొట్టెయ్యి" అంది. ఇంగ్లీషులో అంది.

గోడకి ఆనించి ఆ వాక్యం కొట్టేశాను. దానిపైన చేత్తో, ఈ ఫోటో నేను స్కాన్ చేశాను, నా తప్పువల్ల సగం పోయింది, ఆ సగంలో ఏముందో నేను చూడలేదు అని రాశాను. మా వంతు వచ్చింది. కానిస్టేబుల్ కొట్టివేతల పక్కన పొట్టి సంతకాలు పెట్టమన్నాడు, ఈ ప్రమాణానికి కట్టుబడి ఉంటావా అని అడిగాడు. ఉంటాను అన్నాను. నా పూర్తి పేరూ, పాస్‌పోర్టు నంబరూ రాసి సంతకం పెట్టాను.

డర్బన్‌కి టాక్సీలో పక్కపక్కనే కూర్చున్నాం. ఆమె కిటికీవైపు తిరిగి చెరకుతోటలు చూస్తూ కూర్చుంది. నేను ఫైలులోంచి సగం ఫోటో ప్రింటు తీసి, దారిపొడుగునా దాన్నే చూశాను. కొంగు కప్పుకున్న ఆ పడుచు నవ్వాపుకుంటోంది. చివరున్న మగమనిషి కళ్ళు ఫోటో తీసేవాడివైపు కాక, కిందికి, ఆ గీతల్లోకి చూస్తున్నాయి. అక్కడున్నది ఎవరో నాకు తెలుసు. నాకు ఏడుపొచ్చింది, ఆమె చూడకుండా తుడుచుకున్నాను.

ఆఫీసులో మా వంతు వచ్చేసరికి మూడుంపావు. కౌంటరు వెనక ఒక జులు అమ్మాయి, పొద్దుట్నుంచీ తీసుకుంటూనే ఉన్నట్టుంది, కళ్ళు ఎర్రబడ్డాయి. అర్జీ తిప్పి, ఫోటో దగ్గర ఆగింది.

"ఇది సగమే ఉందేమమ్మా? కింద ఏముంది?"

"ఆమెని అడగండి" అంది పిన్ని నావైపు చూడకుండా. "కంప్యూటర్ లేడీ."

ఆ అమ్మాయి నా ప్రమాణపత్రం మొదటినుంచి చివరిదాకా చదివింది, చేత్తో రాసిన చోట ఇంకోసారి చదివింది. మా వెనక లైను గుమ్మం దాటి ఉంది. అయినా ఆమె తొందరపడలేదు. కలం తీసి, అర్జీ అంచున ఏదో రాయడానికి సిద్ధంగా పట్టుకుంది.

"అసలు ఫోటో మీ చేతిలోనే ఉందిగా?"

"ఉంది."

"మరి ఎందుకు చూడలేదు?"

చెప్పడానికి నాకు చాలా ఉన్నాయి. ఫైల్ సిస్టముల గురించి, ఆరువేల నైడూల గురించి, రోడ్డుదాకా ఉన్న లైను గురించి, నా పర్మిట్ గురించి. అవన్నీ వెతికితే చివరికి ఒక్క మాటే మిగిలింది.

"తొందరలో ఉన్నాను" అన్నాను.

ఆమె అది కూడా రాసుకుని ముద్ర వేసింది.